కదలని బొమ్మల్లో కదలిక ఎవరిది?

దీపావళి మర్నాడు తొమ్మిదో తరగతి పిల్ల ఒకతె నన్నొక ప్రశ్న అడిగింది. దానికి జవాబు వెతుక్కుంటూ పోతే, నేను ఇరవయ్యేళ్లుగా చెబుతూ వస్తున్న పాఠం ఒకటి తప్పని తేలింది. అంతటితో ఆగలేదు. సాహిత్య విమర్శలో నేను ధీమాగా వాడుతూ వచ్చిన ఒక ఉపమానానికి కూడా కాళ్లు విరిగాయి. ఆ సంగతి తోటి రచయితల ముందూ, సాహిత్య విద్యార్థుల ముందూ పెట్టడం అవసరమనిపించి ఈ వ్యాసం రాస్తున్నాను.

ఆ రోజు పాఠంలో సినిమా ప్రస్తావన వచ్చింది. నేను తెలుగు పంతుల్నే అయినా, సినిమా బొమ్మ ఎలా కదులుతుందో చెప్పకుండా ఆ పాఠం సాగదు. కంటిమీద పడిన బొమ్మ వెంటనే చెరిగిపోదనీ, సెకనులో పదహారో వంతు కాలం నిలుస్తుందనీ, అది చెరిగేలోగా మరో బొమ్మ వచ్చి దానితో కలిసిపోతుంది గనక కదలిక కనబడుతుందనీ, నా చిన్నప్పుడు నేను వల్లించినదే వాళ్లకూ చెప్పాను. దీన్నే దృష్టి నిలకడ అంటారు. ఉదాహరణగా కాకరపువ్వొత్తిని చూపాను. గబగబా తిప్పితే వెలుగు చక్రం కనబడుతుంది కదా అన్నాను. వెనక బెంచీలోంచి ఆ పిల్ల లేచి, "మాస్టారూ, మెల్లిగా తిప్పితేనే నిప్పు కదలడం కనబడుతుంది. గబగబా తిప్పితే చక్రం కదలకుండా అలాగే నిలబడిపోతుంది. నిలకడవల్ల కదలిక పోతోందిగానీ రావడం లేదుగా!" అంది.

రేపు చెబుతానన్నాను. పంతుళ్లకు ఈ మాట పాత ఆసరా. కానీ ఆ రేపు రావడానికి నాకు చాలా రోజులు పట్టింది.

తెలుగు ఎం.ఏ. చదివినవాళ్లకు అలాతచక్రం అనే మాట కొత్తది కాదు. అలాతమంటే కొరివి. గౌడపాదుడి మాండూక్యకారికల్లో నాలుగో ప్రకరణం పేరే అలాతశాంతి. కొరివిని తిప్పినప్పుడు నిటారు గీతలూ వంకర గీతలూ కనబడ్డట్టే, చైతన్యం చలించినప్పుడు చూసేవాడూ, చూడబడేదీ అనే రెండూ కనబడతాయనీ, కొరివి ఆగితే గీతలు లేనట్టే నిజానికి ఆ రెండూ లేవనీ ఆయన వాదం. అదే కొరివిని 1765లో పారిస్‌లో దార్సీ అనే ఆయన మరోలా చూశాడు. మండుతున్న బొగ్గును తిరిగే యంత్రానికి కట్టి, ఎంత వేగంతో తిప్పితే వలయం పూర్తిగా కనబడుతుందో కొలిచాడు. సెకనులో 100 భాగాలు చేస్తే సుమారు 13 భాగాలపాటు వెలుగు కంటిలో నిలుస్తోందని తేల్చాడు. ఒకరు కొరివిని చూసి లోకాన్ని మాయ అన్నారు. మరొకరు కన్ను చేసే పనిని లెక్కగట్టారు. రెండో దారి సైన్సు దారి. అయితే దార్సీ కొలిచింది కూడా చక్రాన్నే, కదలికను కాదు. మా పిల్ల ప్రశ్న అలాగే ఉంది.

దృష్టి నిలకడ సిద్ధాంతానికి మూలపురుషుడిగా చాలా పుస్తకాలు పీటర్ మార్క్ రోజే పేరు చెబుతాయి. సాహిత్య విద్యార్థులకు ఈయన మరోలా తెలుసు. 1852లో ప్రసిద్ధమైన ఇంగ్లీషు పర్యాయపద నిఘంటువును ప్రచురించిన వైద్యుడు ఈయనే. 1824లో లండన్ రాయల్ సొసైటీకి ఒక పత్రం సమర్పించాడు. నిలువు సందుల్లోంచి చూసినప్పుడు దొర్లిపోతున్న బండిచక్రం ఆకులు వంకరగా కనబడతాయెందుకు అన్నది అందులోని విషయం. కదులుతున్న చక్రంలో కదలని వంకర గీతలు కనబడడాన్ని ఆయన వివరించాడు. కదలని బొమ్మల్లో కదలిక కనబడడం గురించి ఆ పత్రం మాట్లాడనే లేదు. తర్వాతివాళ్లు మూలం చూడకుండా ఒకరి నుంచి మరొకరు ఎత్తిరాసుకుంటూ ఆ కీర్తిని ఆయనకు అంటగట్టారు. ఎత్తిరాతల వల్ల తప్పులు ఎలా స్థిరపడతాయో సాహిత్య చరిత్ర చదివే మనకు ఒకరు చెప్పాల్సిన పనిలేదు.

కదలని బొమ్మలకు నిజంగా కదలిక తెప్పించినవాడు బెల్జియం శాస్త్రవేత్త జోసెఫ్ ప్లాటో. 1832లో ఆయన ఒక పళ్లెం అంచున నాట్యం చేసే మనిషి బొమ్మలు వరసగా గీయించి, మధ్యమధ్య సందులు కోసి, అద్దం ముందు తిప్పాడు. సందుల్లోంచి చూస్తే ఆ మనిషి గిరగిరా తిరిగాడు. దాదాపు అదే సమయంలో వియన్నాలో స్టాంప్‌ఫర్ కూడా విడిగా అలాంటిదే కనిపెట్టాడు. గమనించవలసింది ఆ సందుల్ని. సందులు లేకుండా చూస్తే బొమ్మలన్నీ అలుక్కుపోతాయి. అంటే బొమ్మకూ బొమ్మకూ మధ్య అడ్డు ఉండాలి, చీకటి ఉండాలి. 1843 నాటికి ప్లాటోకు చూపు పూర్తిగా పోయింది. అయినా ఆయన పరిశోధన మానలేదు. ఇంటివాళ్లూ సహచరులూ ప్రయోగం చేసి చూసింది చెబుతుంటే, వాళ్ల కళ్లతో తాను చూశాడు.

1878లో కాలిఫోర్నియాలో మైబ్రిడ్జ్ పరుగెత్తే గుర్రాన్ని 12 కెమెరాలతో వరసగా ఫోటోలు తీశాడు. డబ్బు పెట్టినవాడు రైల్వే కుబేరుడు లేలండ్ స్టాన్‌ఫర్డ్. 1882లో ఫ్రాన్సులో మారే అనే శరీరశాస్త్రవేత్త సెకనుకు 12 ఫోటోలు తీసే తుపాకి లాంటి కెమెరా చేసి పక్షుల ఎగురును పట్టాడు. వీళ్లిద్దరూ ముందుగా చేసింది కదలికను ముక్కలు చేయడం. ఆ ముక్కల్ని అతికి జనానికి చూపినవాళ్లు లూమియేర్ సోదరులు. 1895 డిసెంబరు 28న పారిస్‌లో టిక్కెట్టు పెట్టి వేసిన ఆటలో మొదటి బొమ్మ, లూమియేర్ ఫ్యాక్టరీ గేటులోంచి కార్మికులు బయటికి రావడం. తీసినవాళ్లు యజమానులు, తెరమీద కనబడినవాళ్లు వాళ్ల పనివాళ్లు. పని మాత్రం కనబడలేదు. పని అయిపోయాకే సినిమా మొదలైంది. ఏడు నెలలు తిరక్కుండానే, 1896 జులై 7న, వాళ్ల ఆట బొంబాయి వాట్సన్ హోటల్లో పడింది.

ఇక్కడ మన తోలుబొమ్మలాటను తలుచుకుంటే తేడా తెలుస్తుంది. తోలుబొమ్మలాటలో తెరమీద నీడ నిజంగానే కదులుతుంది. వెనక ఒక చెయ్యి బొమ్మను ఆడిస్తూ ఉంటుంది. సినిమా తెరమీద ఏదీ కదలదు. ఫిలిం ప్రొజెక్టర్లో సెకనుకు 24 బొమ్మలు ఒక్కొక్కటిగా వచ్చి ఆగేవి. ఒక బొమ్మ దిగి మరో బొమ్మ ఎక్కుతున్నంతసేపు రెక్క అడ్డుపడి వెలుగును ఆపేది. ఆగిన బొమ్మమీద కూడా ఆ రెక్క మరోసారి అడ్డం తిరిగేది. అంచేత 24 బొమ్మలు 48 మెరుపులయ్యేవి. అలా చేయకపోతే తెర రెపరెపలాడుతుంది. ఈ రెపరెప తగ్గడంలో కంటి నిలకడకు పాత్ర ఉంది. ఆ మేరకు నా పాత పాఠం అబద్ధం కాదు. అయితే వెలుగు రెపరెపలాడకుండా ఉండడం వేరు, బొమ్మ కదలడం వేరు. ఈ రెంటినీ ఒకే గంపలో వేయడమే తప్పు.

ఆ గంపను విడదీసినవాడు మాక్స్ వెర్తైమర్. ఈయన ఫ్రాంక్‌ఫర్ట్‌లో చేసిన ప్రయోగాలు 1912లో అచ్చయ్యాయి. రెండు గీతల్ని ఒకదాని తర్వాత ఒకటి వెలిగించాడు. మధ్య విరామం సెకనులో ఐదో వంతు ఉంటే, ముందు ఒకటి, తర్వాత ఒకటి వేర్వేరుగా కనబడ్డాయి. విరామాన్ని సెకనులో వెయ్యికి 30 వంతులకు తగ్గిస్తే రెండూ ఒకేసారి వెలిగినట్టు కనబడ్డాయి. ఈ రెంటికీ మధ్య, వెయ్యికి 60 వంతుల దగ్గర, ఒకే గీత అక్కడి నుంచి ఇక్కడికి కదిలి వచ్చినట్టు కనబడింది. నిలకడే కారణమైతే రెండు గీతలూ ఒకదానిపక్కన ఒకటి నిలిచి కనబడాలేగాని కదలిక పుట్టదు. కదలిక మొదటి గీతలో లేదు, రెండోదానిలో లేదు. రెంటికీ మధ్య ఉన్న సంబంధాన్ని చూసేవాడి మెదడు పట్టుకున్నప్పుడే అది పుట్టింది. ఆ ప్రయోగాల్లో కళ్లప్పగించి కూర్చున్న కోహ్లర్, కోఫ్కా తర్వాత వెర్తైమర్‌తో కలిసి ఒక పెద్ద మనస్తత్వశాస్త్ర శాఖను నిర్మించారు. 1933లో నాజీలు గద్దెనెక్కినప్పుడు యూదుడైన వెర్తైమర్ జర్మనీ విడిచి న్యూయార్క్ చేరాడు.

అయితే కదలిక మన ఊహేనా? గౌడపాదుడి దగ్గరికే తిరిగి వచ్చామా? లేదు. 1959లో హ్యూబెల్, వీజల్ అనే శాస్త్రవేత్తలు పిల్లి మెదడులో ఒక దిక్కుకు కదిలే గీతకు మాత్రమే స్పందించే కణాలున్నాయని చూపారు. 1983లో మ్యూనిక్ వైద్యులు ఒక రోగి గురించి రాశారు. మెదడులో ఒక భాగం దెబ్బతిన్న ఆ స్త్రీకి రంగులూ ఆకారాలూ బాగానే కనబడేవి, కదలిక ఒక్కటే కనబడేది కాదు. కప్పులో టీ పోస్తుంటే ధార గడ్డకట్టినట్టు ఉండేది. ఎక్కడ ఆపాలో తెలిసేది కాదు. దూరంగా ఉన్న కారు ఉన్నట్టుండి దగ్గర నిలబడేది. అంటే రోడ్డు దాటడానికి మనం రోజూ వాడే శక్తే సినిమా చూడడానికీ వాడుతున్నాం. అది భ్రమించే బలహీనత కాదు, బతకడానికి మనిషి సంపాదించుకున్న పనితనం. చూపు కూడా ఒక శ్రమే.

వెర్తైమర్ పరిశోధన అచ్చయిన ఆ 1912లోనే అమెరికాలో ఫ్రాంక్ గిల్‌బ్రెత్ సినిమా కెమెరాను ఫ్యాక్టరీలోకి తీసుకుపోయాడు. అంతకుముందే ఇటుక పేర్చడంలో 18 కదలికల్ని 5కు తగ్గించినవాడిగా టేలర్ తన 1911 పుస్తకంలో ఆయన్ని మెచ్చుకున్నాడు. ఇప్పుడు గిల్‌బ్రెత్ పనివాడి పక్కన గడియారం పెట్టి సినిమా తీసి, చేతి ప్రతి కదలికకూ పట్టే కాలాన్ని లెక్కగట్టాడు. తర్వాత పనివాడి వేళ్లకు చిన్న దీపాలు కట్టి, చీకట్లో కెమెరా కన్ను చాలాసేపు తెరిచి ఉంచాడు. ఫోటోలో వెలుగు గీతలు వచ్చాయి. మనిషి మసకబారిపోయాడు. కొరివి తిప్పినవాడు పోయి చక్రం మిగిలింది. అనవసరమైన అలసట తగ్గించడమే తన ఉద్దేశమని గిల్‌బ్రెత్ అన్నాడు. కానీ ఆ గీతలు ఎవరి చేతిలో ఉంటే వాళ్ల అవసరానికే పనికొస్తాయి. లూమియేర్ గేటు బయట ఆగిన కెమెరా పదిహేడేళ్లలో లోపలికి వెళ్లింది. కార్మికుడి కష్టాన్ని చూపడానికి కాదు, అతని కదలికను కొలవడానికి.

ఇక వీడియో. ఈ మాటకు లాటిన్‌లో 'నేను చూస్తున్నాను' అని అర్థం. 1926 జనవరి 26న లండన్‌లో బేర్డ్ 30 గీతలతో మనిషి ముఖాన్ని దూరానికి పంపి చూపాడు. అంతకుముందు ఆయన పరీక్షలు చాలావరకు ఒక ఆటబొమ్మ తలమీద జరిగాయి. 1936 నవంబరు 2న బి.బి.సి. ప్రసారాలు మొదలైనప్పుడు ఎలక్ట్రానిక్ పద్ధతిలో గీతలు 405 అయ్యాయి. సెకనుకు 25 బొమ్మలు. ఈ వేగంతో వెలిగితే తెర రెపరెపలాడుతుంది. 50 బొమ్మలు పంపాలంటే ప్రసారానికి రెట్టింపు దారి కావాలి. అందుకని ఒక ఉపాయం చేశారు. ముందు బేసి గీతలు, తర్వాత సరి గీతలు పంపారు. సగం బొమ్మలు 50 వస్తే, మిగతా సగాన్ని కన్నే పూరించుకుంది. 50 అనే అంకె అక్కడి కరెంటు నుంచి వచ్చింది. సెకనుకు 60 సార్లు మారే కరెంటున్న అమెరికాలో 30 బొమ్మల పద్ధతి స్థిరపడింది. మన దేశానిది 50 కరెంటు గనక మనకు 625 గీతలు, 25 బొమ్మలు వచ్చాయి. కాలాన్ని ఎన్ని ముక్కలుగా చూడాలో విద్యుత్ కేంద్రాలు నిర్ణయించాయన్నమాట.

సినిమా రీలును వెలుగుకు పెట్టి చూస్తే ప్రతి గడిలో ఒక పూర్తి బొమ్మ ఉంటుంది. పాత టీవీ గాజుతెరమీద ఏ క్షణంలోనూ పూర్తి బొమ్మ లేదు. సెకనుకు 15,625 గీతలు గీస్తూ పరుగెత్తే ఒక్క వెలుగు చుక్క, దాని వెనక ఆరిపోతున్న జాడ, అంతే. చుక్కను గీత చేయడంలో కంటి నిలకడకు మళ్లీ పని పడింది. ఇక్కడ ఆ కాకరపువ్వొత్తి పోలిక సరిగ్గా సరిపోతుంది. 1975 ఆగస్టు నుంచి ఏడాదిపాటు ఉపగ్రహం ద్వారా ఆరు రాష్ట్రాల్లో దాదాపు 2,400 గ్రామాలకు టీవీ చేరినప్పుడు ఆంధ్రప్రదేశ్ గ్రామాలు కూడా ఆ చుక్క ముందు కూర్చున్నాయి. 1977లో హైదరాబాదు కేంద్రం వచ్చింది.

బొమ్మను టేపుమీద దాచడం 1956లో సాధ్యమైంది. ఆంపెక్స్ కంపెనీ చేసిన యంత్రాన్ని ఆ నవంబరు 30న అమెరికాలో వార్తల ప్రసారానికి వాడారు. ఆ టేపుకున్న గొప్ప గుణమే పెద్ద లోపం కూడా. చెరిపి మళ్లీ వాడుకోవచ్చు. 1969లో చంద్రుడిమీద మనిషి దిగినప్పటి మూల టేపుల్ని కూడా చెరిపి మళ్లీ వాడేసి ఉంటారని 2009లో నాసా తేల్చింది. ఇళ్లలోకి వచ్చిన బీటామాక్స్ 1975నాటిది, వి.హెచ్.ఎస్. 1976నాటిది. మా చిన్నతనంలో ఊళ్లో చందాలేసుకుని ఒక రాత్రికి వీసీఆర్ అద్దెకు తెచ్చి తెల్లవార్లూ మూడు సినిమాలు వేసేవారు. ఎవరో ఒకరు మధ్యలో బొమ్మను ఆపమనేవారు. ఆపితే హీరో ముఖం మీద అడ్డగీతలు పడి వణికేది. యంత్రం పాడైందని పెద్దలు తిట్టేవారు. అదంతా రెండు సగాల వ్యవహారమని ఇప్పుడు తెలుస్తోంది. ఆ సగాలు అతుక్కునేది కదులుతున్నప్పుడే.

చివరి మెట్టు అంకెల వీడియో. పాత టీవీ బొమ్మను అంకెల్లో రాస్తే సెకనుకు దాదాపు 16 కోట్ల 60 లక్షల బిట్లు. అంత బరువును మోయడం కష్టం. 1974లో నాసిర్ అహ్మద్, నటరాజన్, కె. ఆర్. రావు అనే ముగ్గురు ప్రచురించిన ఒక గణిత పద్ధతి ఈ బరువు తగ్గించడానికి పునాది అయింది. అహ్మద్ బెంగళూరులో పుట్టినవాడు. మద్రాసు గిండీ ఇంజనీరింగు కాలేజీలో చదివిన కామిశెట్టి రామమోహనరావుగారే ఆ కె. ఆర్. రావు. ఈ ఆలోచనమీద పనిచేయడానికి 1972లో అహ్మద్ అడిగిన ప్రభుత్వ నిధులు రాలేదు. ఈనాడు ఫోన్లలో చూసే వీడియోలో అధికభాగం ఆ పద్ధతి సంతానమే.

దీనికి తోడైన మరో సూత్రం మనకు ముఖ్యం. బొమ్మను చిన్న చిన్న గళ్లుగా కోస్తారు. మొదటి బొమ్మను పూర్తిగా పంపుతారు. తర్వాతివాటిలో ఏ గడి ఎటు జరిగిందో ఆ కబురు, మారిన తేడా మాత్రమే పంపుతారు. మారనిదాన్ని మళ్లీ పంపరు. కన్ను పట్టుకోలేని వివరాన్ని వదిలేస్తారు. బొమ్మను నాలుగోవంతుకు కుదించి, ఈ ఉపాయాలన్నీ వాడి, వీడియో సీడీలో సెకనుకు సుమారు 11 లక్షల 50 వేల బిట్లలోకి ఇమిడ్చారు. ప్లాటో సందుల నుంచి ఈ గళ్ల దాకా చరిత్ర అంతా ఒకే పాఠం చెబుతోంది. యంత్రం నానాటికీ తక్కువ చూపుతోంది. చూసేవాడు నానాటికీ ఎక్కువ పూరిస్తున్నాడు.

నేను ఎన్నో సభల్లో సాహిత్యం సమాజానికి అద్దం అన్నాను. టీవీ ముందు కూర్చున్న జనాన్ని నోరు తెరుచుకుని మింగే జనంగా చిత్రించాను. రెండూ ఒకే తప్పు. అద్దంలో సందులుండవు. అద్దం ఏదీ వదలదు. కథ అలాంటిది కాదు. అది వరసగా పేర్చిన కదలని వాక్యాలు. వాక్యానికీ వాక్యానికీ మధ్య చీకటిలో పాఠకుడు పనిచేస్తేనే పాత్ర నడుస్తుంది. పాఠకుడు పనివాడని ఒప్పుకుంటే రచయిత బాధ్యత తగ్గదు, పెరుగుతుంది. ఏ రెండు బొమ్మల్ని పక్కపక్కన పెట్టామో, మధ్య ఏది వదిలామో దానికి జవాబు చెప్పవలసినవాళ్లం మనమే. అతికే శక్తి పాఠకుడిది, దాన్ని ఎటు నడిపించాలన్న ఎంపిక మనది.

మారనిదాన్ని పంపనక్కర్లేదన్నది ఇంజనీరుకు పొదుపు. రచయిత ఆ సూత్రాన్ని పాటిస్తే మిగిలేదేమిటి? ఏటేటా అదే చేనులో అదే అప్పుతో నిలబడినవాడు ఏ బొమ్మలోనూ కొత్తగా కనబడడు. అతని గడి మారలేదు గనక కబురే రాదు. మారనిదాన్ని పదేపదే పంపే పని ఎవరో ఒకరు చేయాలి. అది మన పని అని నేను అనుకుంటున్నాను.

ఆ పిల్లకు చివరికి నేను జవాబు నోటితో చెప్పలేదు. రూళ్ల పుస్తకం అంచున పేజీకొక బొమ్మ గీయమన్నాను. నడుస్తున్న మనిషి తట్టుకుని పడి, లేచి, మళ్లీ నడవాలి. పిల్లలంతా పుస్తకాన్ని చకచకా వదిలి చూసి మురిసిపోయారు. కాసేపటికి ఆ పిల్ల పడిన పేజీలూ లేచిన పేజీలూ చింపేసి మళ్లీ వదిలింది. ఆ మనిషి ఎక్కడా పడకుండా నడుచుకుంటూ వెళ్లిపోయాడు. "చూశారా మాస్టారూ, పడలేదు!" అని నవ్వింది.

చిరిగిన పేజీలు బల్లమీదే ఉన్నాయి. అవి నా దగ్గర దాచుకున్నాను.